'ది గాడెస్' (1934) ప్రదర్శించాలంటే: కాపీ, వేగం, తెలుగు కార్డులు, సంగీతం

ప్రశ్న క్లుప్తంగా ఇది. 1934 నాటి చైనా మూకీ 'ది గాడెస్'ను ఒక చిన్న హాల్లో, మూకీలు అలవాటు లేని ప్రేక్షకులకు, తెలుగు సబ్‌టైటిల్స్‌తో చూపించాలి. చేతిలో రెండు కాపీలున్నాయి, వాటి నిడివి ఒకటి కాదు. ఏది వాడాలి, ఏ వేగంతో నడపాలి, సంగీతం ఏం చేయాలి, సినిమాకు ముందు ఎంత చెప్పాలి?

ఈ నాలుగింటికీ జవాబు సినిమా స్వభావంలోనే ఉంది, కాబట్టి అక్కడి నుంచే మొదలుపెడతాను. షాంఘైలో ఒంటరిగా కొడుకును పెంచుకుంటున్న ఒక స్త్రీ. రాత్రిళ్లు ఒళ్లమ్ముకుని బతుకుతుంది. కథలో ఆమెకు పేరు కూడా లేదు. ఒక రౌడీ ఆమెను తన సొత్తు చేసుకుంటాడు. అయినా ఆమె కొడుకును బడిలో చేర్పిస్తుంది. తల్లి వృత్తి తెలిసి తక్కిన తల్లిదండ్రులు బడికి ఉత్తరాలు రాస్తారు, పిల్లవాణ్ని తీసేస్తారు. ఇలా చెబితే ఏడుపుగొట్టు కథలా ఉంటుంది. తెరమీద అలా ఉండదు. దర్శకుడు వూ యుంగాంగ్‌కు ఇది మొదటి సినిమా. అంతకుముందు ఆయన సెట్ల డిజైనర్‌గా పనిచేశాడు. ఆమె ఆ పనిలోకి ఎలా వచ్చింది, పిల్లాడి తండ్రి ఎవరు అన్నవి ఆయన ఎక్కడా చెప్పలేదు. చెప్పి ఉంటే ప్రేక్షకుడు ఆమెను క్షమించడానికి కారణాలు వెతుక్కునేవాడు. ఆమె క్షమాపణ అడగడం లేదు. బిడ్డను చదివించుకునే హక్కు అడుగుతోంది. సమాజం గీసిన గీతను ఆమె దాటింది రాత్రి వీధిలో కాదు, బడి గుమ్మం దగ్గర. మీ ఏర్పాట్లలో ఏదైనా, అది వేగం కావచ్చు, వయొలిన్ కావచ్చు, ముందు మాట కావచ్చు, ఆమె మీద జాలిపడమని ప్రేక్షకుణ్ని తోస్తే సినిమా దెబ్బతిన్నట్టే.

ఇక కాపీ సంగతి. చైనా ఫిల్మ్ ఆర్కైవ్ పునరుద్ధరించిన ప్రతి 2014లో లండన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో జౌ యే కొత్తగా రాసిన ఆర్కెస్ట్రా సంగీతంతో ప్రదర్శితమైంది. అది అనుమతితో దొరికితే ఇంకేం ఆలోచించకండి, అదే వాడండి. దొరక్కపోతే నెట్‌లో తిరిగే కాపీల మీద ఆధారపడాలి. వాటిలో కొన్ని డెబ్బై చిల్లర నిమిషాలుంటాయి, కొన్ని 85కు దగ్గరగా ఉంటాయి. ఇది చూసి చాలామంది చిన్నదాంట్లో సీన్లు కోసేశారనుకుంటారు. చాలాసార్లు తేడా వచ్చేది వేగంలోనే. ఫిల్ము అంతే ఉంటుంది, సెకనుకు ఎన్ని ఫ్రేములు నడిపారన్నదే మారుతుంది. 35 ఎం.ఎం. ఫిల్ములో అడుగుకు 16 ఫ్రేములు. వెయ్యి అడుగుల రీలు సెకనుకు 24 ఫ్రేముల చొప్పున 11 నిమిషాల 7 సెకన్లు నడుస్తుంది, 20 చొప్పున 13 నిమిషాల 20 సెకన్లు, 18 చొప్పున 14 నిమిషాల 49 సెకన్లు. అంటే 24 మీద 72 నిమిషాలుండే సినిమా 20 మీద 86 దాటుతుంది. ఏదీ కోయకుండానే పద్నాలుగు నిమిషాల తేడా.

కోత నిజంగా ఉందా అన్నది తేల్చుకోవడం సులువు. రెండు కాపీలనూ పక్కపక్కన పెట్టి ఐదు చోట్ల టైము రాసుకోండి: ఆమె మొదటిసారి వీధిలోకి వచ్చిన షాటు, పోలీసుల నుంచి ఆమె రౌడీ గదిలోకి పారిపోయి వచ్చిన షాటు, బడిలో పిల్లల ప్రదర్శన మొదలు, హెడ్‌మాస్టర్ ఆమె ఇంటికి వచ్చిన షాటు, చివరి షాటు. ఒక కాపీ టైమును రెండోదానితో భాగిస్తే ఐదు చోట్లా ఒకే నిష్పత్తి వస్తే తేడా వేగానిదే. ఒకచోట నిష్పత్తి ఒక్కసారిగా మారితే ఆ మధ్యలో ఏదో పోయింది, అక్కడ షాటు షాటుగా చూడండి. లెక్కకు ముందు ఆర్కైవ్ లోగోలు, కొత్తగా చేర్చిన పేర్ల కార్డులు తీసేయడం మరవకండి.

మూకీ అనగానే 16 ఫ్రేములు అని గుడ్డిగా పెట్టేవాళ్లున్నారు. 1934 సినిమాకు అది వద్దు. చైనాలో మొదటి టాకీ 1931లోనే వచ్చింది. ధ్వని పరికరాలు ఖరీదైనవి కావడం, అన్ని హాళ్లకూ అవి లేకపోవడం వల్ల అక్కడ మూకీలు ముప్పైల నడిమి దాకా సాగాయి. (మన భాషలో 'భక్త ప్రహ్లాద' 1932లోనే మాట్లాడేసింది, అందుకే మనవాళ్లకు 1934లో మూకీ ఏమిటని ఆశ్చర్యం.) షాంఘై పెద్ద హాళ్లలో అప్పటికే టాకీ ప్రొజెక్టర్లున్నాయి. కాబట్టి 20 నుంచి 24 మధ్య వెతకండి, 18 కంటే కిందికి పోకండి.

సరైన వేగం తెలుసుకోవడానికి ముఖాలు చూడకూడదు, మనకు నచ్చిన వేగమే ముఖంలో సరైనదనిపిస్తుంది. బరువున్నవీ గాలిలో కదిలేవీ చూడాలి. సిగరెట్ పొగ, నడిచేటప్పుడు చిపావ్ (ఒంటికి అతుక్కుని ఉండే పొడవాటి చైనా గౌను) అంచు ఊగే తీరు, వీధిలో వెనకాల పోయే జనం, వాహనాలు. పొగ చుట్టలు తిరుగుతూ లేస్తే వేగం సరిపోయినట్టు, ఎగిరిపోయినట్టు కనిపిస్తే ఎక్కువైంది, బద్ధకంగా వేలాడితే తక్కువైంది. ఆమె, విటుడు కలిసి నడిచిపోవడాన్ని పాదాల మీదే చూపించే షాటు ఒకటుంది. వేగం తేల్చడానికి నేను ముందు చూసేది అదే. అడుగు నేలను తాకి బరువు మీద పడి మళ్లీ లేవాలి. పాదాలు టకటక కొట్టుకుంటున్నట్టుంటే ఒకటి రెండు ఫ్రేములు తగ్గించండి.

వేగం మార్చడం వీఎల్‌సీ లాంటి ప్లేయర్‌లోనే కుదురుతుంది. 24 మీద ఉన్న ఫైలును 20కి తేవాలంటే ప్లేబ్యాక్ వేగం 0.83, 22కి 0.92. కానీ అంతకుముందు ఒక పరీక్ష తప్పనిసరి. ఫైలును ఒక్కో ఫ్రేమూ ముందుకు జరుపుతూ కదలిక ఉన్న షాటు చూడండి. ప్రతి ఆరో ఫ్రేము అచ్చంగా దాని ముందుదే అయితే, 20 ఫ్రేముల సినిమాను ఎవరో ముందే 24లోకి సర్దారన్నమాట. ప్రతి నాలుగోది రిపీట్ అయితే అది 18 నుంచి వచ్చింది, ప్రతి మూడోది అయితే 16 నుంచి. అలాంటి ఫైలును మీరు మళ్లీ నెమ్మది చేస్తే సినిమా నీళ్లలో నడిచినట్టుంటుంది, పైగా రిపీట్ ఫ్రేముల దగ్గర కుదుపు తెలిసిపోతుంది. రిపీట్లు లేకపోతేనే వేగం ముట్టుకోండి.

ఇంత పట్టింపు ఎందుకంటే, ఆ తల్లి పాత్ర వేసిన రువాన్ లింగ్యూ నటన అంతా ఆ కొద్ది ఫ్రేముల్లోనే ఉంది. పోలీసుల నుంచి తప్పించుకుని ఆమె తెలియని గదిలోకి దూరుతుంది. లోపల రౌడీ ఉంటాడు (నటుడు జాంగ్ జిజీ). పోలీసును పంపించేసి, చేసిన సాయానికి బదులు ఆ రాత్రి తనతో ఉండాలంటాడు. ఆమె ముఖంలో భయం ఉంది, తర్వాత ఉచ్చులో పడ్డానన్న గ్రహింపు, ఆ తర్వాత ఒక నిర్ణయం. బల్ల మీదికెక్కి కూర్చుని సిగరెట్ అడుగుతుంది. భయానికీ సిగరెట్‌కూ మధ్య ఆగే ఆ క్షణమే సీను. వేగం ఎక్కువైతే ఆ క్షణం మింగేయబడి ఆమె వయ్యారం పోతున్నట్టు కనిపిస్తుంది, హాల్లో నవ్వు వినిపిస్తుంది. వేగం మరీ తగ్గిస్తే భయం సాగిపోయి ఏడుపు మొహం అవుతుంది. సరిగ్గా ఉంటే, ఓడిపోయిన చోట కూడా తన తీరు తనదేనని నిలబడిన మనిషి కనిపిస్తుంది. మీ ఫైలు వేగం చివరిగా ఖాయం చేసేముందు ఈ ఒక్క సీనును మూడు వేగాల్లో చూడండి.

తర్వాతది ఫ్రేము అంచు. మూకీ ఫిల్ములో సౌండ్ ట్రాక్ ఉండదు, బొమ్మ పూర్తి వెడల్పు తీసుకుంటుంది. తర్వాతి రోజుల్లో అలాంటి నెగటివ్‌ను టాకీ పద్ధతిలో ప్రింటు వేస్తే ఎడమ అంచు ట్రాక్ కింద పోతుంది. దీన్ని కనిపెట్టడానికి టైటిల్ కార్డే (మూకీలో మాటలు రాసి చూపించే పలక) మేలైన కొలత. అక్షరాల బ్లాకు నడిమధ్యలో ఉందా, ఎడమకు జరిగి ఉందా చూడండి. ఎడమ మార్జిన్ కుడిదానికంటే బాగా తక్కువగా ఉంటే బొమ్మ కోసుకుపోయింది. ఈ సినిమాకు ఆ నష్టం చిన్నది కాదు. రౌడీ చాచి నిలబడ్డ కాళ్ల మధ్యలోంచి తల్లీబిడ్డల్ని చూపించే షాటు చాలామందికి తెలిసిందే. కాళ్లు రెండూ ఫ్రేములో ఉంటేనే అది బోను, ఒక కాలు అంచులోకి పోతే వట్టి వింత కోణం. రెండు కాపీల్లో ఏది వాడాలో తేలకపోతే ఈ షాటులో ఎక్కువ బొమ్మ ఉన్నదాన్ని తీసుకోండి, అది కాస్త మసగ్గా ఉన్నా సరే.

ప్రొజెక్టర్ దగ్గర చేసే తప్పు ఎక్కువగా ఒకటే, తెర నిండాలని సాగదీయడం. 1920 బై 1080 బొమ్మలో ఈ సినిమా 1440 బై 1080 మాత్రమే ఆక్రమిస్తుంది, అటూ ఇటూ 240 పిక్సెళ్లు నల్లగా ఉండాలి. ఓవర్‌స్కాన్, మోషన్ స్మూతింగ్, డైనమిక్ కాంట్రాస్ట్ మూడూ ఆపేయండి. మోషన్ స్మూతింగ్ మరీ ప్రమాదం, అది లేని ఫ్రేముల్ని ఊహించి చేరుస్తుంది, పాత ఫిల్ము గీతలను కదలిక అనుకుని ముఖాలను కరిగిస్తుంది. వీలైతే రెండు పక్కల నల్లగుడ్డ వేలాడదీయండి.

సబ్‌టైటిల్స్ గురించి ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే అక్కడే ఎక్కువ పాడవుతుంది. ఈ సినిమా తీసిన లియన్‌హువా కంపెనీ కార్డుల మీద చైనీసుతోపాటు ఇంగ్లీషు కూడా ఉండేది. తెలుగు చేసేవాళ్లు ఆ ఇంగ్లీషును మాటకు మాట దించితే పొడుగైపోతుంది. కార్డు తెరమీద ఎంతసేపుందో ముందు కొలవండి, తర్వాతే రాయండి. నాలుగు సెకన్ల కార్డుకు ఏడెనిమిది తెలుగు మాటలు చాలు. రెండు లైన్లు మించకూడదు, లైనుకు 35 అక్షరాలకు లోపు. రాసినదాన్ని మెల్లగా ఒకసారి పైకి చదివేలోపే కార్డు వెళ్లిపోతే ఇంకా కొయ్యాలి.

కార్డు పోయాక తెలుగు అక్షరాలు ఒక్క ఫ్రేము కూడా తెరమీద ఉండకూడదు. మాటల సినిమాలో అర సెకను ఎక్కువున్నా ఫర్వాలేదు. ఇక్కడ కార్డు వెనకే వచ్చేది ఆమె ముఖం. చూపు కింది లైను మీద ఉంటే పైన జరిగింది పోయినట్టే. ఆరంభాన్ని కూడా కార్డు కంటే ముందు పెట్టకండి. కార్డు మీద ఖాళీ ఉంటే అక్కడే, అసలు అక్షరాల పక్కన పెట్టండి, అడుగున పెట్టడం అలవాటు కొద్దీ చేసే పని. చైనీసు సైన్‌బోర్డులు, ఉత్తరాలు వచ్చినచోట కథకు పనికొచ్చేవే అనువదించండి. బడికి వచ్చిన ఉత్తరాలు తప్పనిసరి, దుకాణాల పేర్లు అక్కర్లేదు.

తెలుగులో ఒక నిర్ణయం ముందే తీసుకోవాలి: ఎవరు ఎవరిని నువ్వు అంటారు, ఎవరు మీరు అంటారు. రౌడీ ఆమెను నువ్వు అనే అంటాడు, అవసరమైనచోట ఇంకా కిందికి దిగుతాడు. తల్లి కొడుకును 'నాన్నా' అనడమే మన నోటికి సహజం. అసలు సంగతి హెడ్‌మాస్టర్. ఆయన ఆమె ఇంటికి నిజం తెలుసుకోవడానికి వస్తాడు. ఆమె దాచదు. తన బతుకు ఎలాంటిదైనా బిడ్డ చదువుకోవాలి కదా అని నిలదీస్తుంది. ఆ గదిలో ఆయన నోట మొదటి కార్డు నుంచే 'మీరు' ఉండాలి. సినిమాలో ఆమెను మనిషిగా పలకరించే పెద్దమనిషి ఆయనొక్కడే. ఇక్కడ అనువాదకుడు పొరపాటున 'నువ్వు' రాస్తే ఆయన కూడా పిల్లవాణ్ని తీసేయమనే బడి బోర్డు సభ్యుల పక్కన నిలబడినట్టవుతుంది.

అదే హెడ్‌మాస్టర్ తర్వాత బోర్డు ముందు చేసే వాదన ఈ సినిమాలో బరువైన భాగం, నా దృష్టిలో బలహీనమైన భాగం కూడా. దర్శకుడు అప్పటిదాకా చూపులతో చెప్పింది అక్కడ కార్డులతో చెబుతాడు. కార్డులు పొడుగు, వరసగా వస్తాయి. తెలుగులో ఇక్కడ నిర్దయగా కుదించండి, ఒక్కో కార్డుకు ఒక్క వాదన. ఆయన ఓడిపోయి రాజీనామా చేశాడన్నది ప్రేక్షకుడికి అందితే చాలు.

సాంకేతికంగా ఒక హెచ్చరిక. ఎస్‌ఆర్‌టీ ఫైలును (సబ్‌టైటిల్స్ ఉండే ఫైలు) యూటీఎఫ్-8 అనే అక్షర సంకేత పద్ధతిలో సేవ్ చేయండి. కొన్ని పాత ప్లేయర్లలో తెలుగు వత్తులు విడిపోయి పక్కకు పడతాయి. 'స్త్రీ', 'లక్ష్మి', 'రాష్ట్రం' మూడూ ఉన్న ఒక పరీక్ష లైను ముందు పెట్టి, ప్రదర్శన రోజు వాడబోయే కంప్యూటర్ మీదే చూడండి. విడిపోతే నోటో సాన్స్ తెలుగు లాంటి ఫాంటు ఎంచుకుని, అక్షరాలను వీడియోలోనే అచ్చువేసి కొత్త ఫైలు చేసుకోండి. ప్లేయర్‌లో వేగం తగ్గిస్తే సబ్‌టైటిల్స్ వాటంతటవే సర్దుకుంటాయి. 24 నుంచి 20కి మార్చి కొత్త ఫైలు చేస్తే మాత్రం ప్రతి టైమునూ 1.2తో గుణించాలి, లేకపోతే చివరికొచ్చేసరికి పావుగంట దాకా తేడా వస్తుంది.

సంగీతం. ఫైలులో ఉన్న సంగీతం ఎవరిదో తెలియకపోతే దాన్ని వాడకండి. చైనా చట్టంలో సినిమాకు రక్షణ మొదటి విడుదల తర్వాత 50 ఏళ్లు, కానీ కొత్తగా రాసిన సంగీతానికి, కొత్త పునరుద్ధరణ ప్రతికి హక్కులు వేరే ఉంటాయి. మీ దేశంలో పరిస్థితి వేరుగా ఉండొచ్చు, కాబట్టి కాపీ ఇచ్చినవాళ్ల దగ్గర రాతపూర్వక అనుమతి తీసుకోండి. ఫైలు ధ్వని తీసేస్తే వేగం మార్చినప్పుడు పిచ్ (శ్రుతి) తేడా వచ్చే గొడవ కూడా ఉండదు.

హాల్లో వాయించే వీలుంటే ఇద్దరు చాలు. పియానో లేదా కీబోర్డు ఒకటి, ఊపిరితో వాయించేది ఒకటి, క్లారినెట్ గానీ వేణువు గానీ. వాయిద్యగాళ్లకు నాలుగు కట్టుబాట్లు పెట్టండి. ప్రేక్షకులకు తెలిసిన సినిమా పాట వరస ఒక్కటి కూడా వద్దు, వరస వినగానే సాహిత్యం తలలో మోగుతుంది, రువాన్ ముఖం మీద ఎవరివో మాటలు అతుక్కుంటాయి. చైనా అని తెలియజేయడానికి పెంటటోనిక్ (ఐదు స్వరాల) ముక్కలు చల్లొద్దు, ఆ కాలపు షాంఘై నియాన్ దీపాల, డాన్స్ హాళ్ల నగరం. రౌడీకి ప్రత్యేకంగా భయపెట్టే వరస వద్దు. అతను కులాసాగా, నవ్వుతూ, తన ఇంట్లో ఉన్నట్టు ఆమె ఇంట్లో తిరుగుతాడు, భయం అక్కడుంది. చివరిది, చెంపదెబ్బకో తలుపు చప్పుడుకో సరిగ్గా తాళం కొట్టొద్దు.

ఎక్కడ ఆపాలన్నది ఎక్కడ వాయించాలన్నదాని కంటే ముఖ్యం. మూడు చోట్ల పూర్తి నిశ్శబ్దం అడగండి. మొదటిది బడి ప్రదర్శనలో. పిల్లవాడు వేదిక మీద పాడుతుంటాడు, తల్లి మురిసిపోతుంది, ప్రేక్షకుల వరసలో ఒకరి చెవిలోంచి ఇంకొకరి చెవిలోకి గుసగుస పాకుతుంది, కెమెరా ఆ వరస వెంట కదులుతుంది. పిల్లాడి పాటకు సంగీతం ఉండనివ్వండి, గుసగుస మొదలవగానే తెగిపోవాలి. రెండోది, గోడ సందులో దాచుకున్న డబ్బు కోసం ఆమె చెయ్యి పెట్టినప్పుడు. ఇటుక తీసి చూస్తే ఏమీ ఉండదు. రౌడీ ఎత్తుకుపోయి జూదంలో తగలేశాడు. ఆ చెయ్యి లోపల వెతుకుతున్నంతసేపూ ఏమీ వినిపించకూడదు. మూడోది, ఆమె సీసా ఎత్తి అతన్ని కొట్టే చోటు. ఆ దెబ్బతో అతను చనిపోతాడు, ఆమెకు పన్నెండేళ్ల జైలు. అక్కడ డ్రమ్ము మోగితే అది పగ తీర్చుకున్న సీను అవుతుంది. నిశ్శబ్దంలో అది ఇంకెటూ దారిలేని మనిషి చేసిన పని.

కనీసం రెండు పూర్తి రిహార్సల్స్ అదే ఫైలుతో, అదే వేగంతో చేయాలి. రిహార్సల్‌కు ఒక కాపీ, ప్రదర్శనకు ఇంకో కాపీ ఇస్తే మధ్యలోనే చేతులెత్తేస్తారు. వాయించేవాళ్ల దీపం తెరమీద పడకుండా కిందికి వంచండి. వాయిద్యగాళ్లు దొరకకపోతే సంగీతం లేకుండా చూపించడానికి భయపడకండి, కానీ ఆ సంగతి ముందే చెప్పండి, లేకపోతే సౌండ్ పోయిందని వెనక నుంచి కేకలు వస్తాయి.

ముందు మాట మూడు నిమిషాలకు మించనివ్వకండి. ఏ ఏడు, ఏ ఊరు, ఎందుకింకా మూకీ, కార్డులు ఎలా చదవాలి, అంతే. ఆమె వృత్తిని సభ్యంగా చెప్పడానికి ఇబ్బందిపడుతూ 'పాపం పరిస్థితుల వల్ల' అని మొదలుపెట్టే వక్తలుంటారు. దర్శకుడు కావాలని వదిలేసిన ఖాళీని ఆ ఒక్క మాట పూడ్చేస్తుంది. కథ చెప్పొద్దు. రువాన్ లింగ్యూ సంగతి కూడా ముందు చెప్పొద్దు. ఆమె 1935 మార్చి 8న, ఇరవై నాలుగేళ్ల వయసులో, పత్రికలు తన సొంత జీవితాన్ని వీధికీడుస్తుండగా ప్రాణం తీసుకుంది. ముందే తెలిస్తే ప్రేక్షకులు పాత్రను వదిలేసి నటిని చూసి బాధపడతారు. సినిమా అయ్యాక చెప్పండి, అప్పుడు బడి వరసలో పాకిన గుసగుసను వాళ్లే గుర్తుచేసుకుంటారు.

చర్చకు ఒక ప్రశ్న సిద్ధంగా ఉంచుకోండి. జైల్లో ఆమె హెడ్‌మాస్టర్‌ను కోరేది, తల్లి చనిపోయిందని కొడుకుకు చెప్పమని. బోర్డు మీద, రౌడీ మీద తిరగబడిన మనిషి చివరికి సమాజం మాటే ఒప్పుకుందా, లేక ఆ మాట బిడ్డకు అంటకుండా అడ్డం నిలబడిందా? దీని మీద ఏకాభిప్రాయం రాదు, రానవసరం లేదు. ఇరవై నిమిషాలు వదిలేయండి.

ఆసక్తి ఉన్నవాళ్లు ఇంకో రోజు చూడడానికి రెండు దారులు. వూ యుంగాంగ్ ఇదే కథను 1938లో హు దియేతో మాటల సినిమాగా మళ్లీ తీశాడు. 1991లో స్టాన్లీ క్వాన్ తీసిన 'సెంటర్ స్టేజ్'లో మ్యాగీ చ్యూంగ్ రువాన్ పాత్ర వేసి ఆ సిగరెట్ సీనును మళ్లీ నటించింది. ఆ పాత్రకు ఆమెకు బెర్లిన్‌లో ఉత్తమ నటి బహుమతి వచ్చింది. రెండో వారం అది వేస్తే, అసలు సీనును ముందు ఒకసారి, సరైన వేగంలో, విడిగా చూపించండి.